భర్మార్ తుపాకీ వెనక బిరడా: ఏది విప్పాలి, ఏది ముట్టకూడదు?

మూతి నుంచి మందు, గుండు కూరి పేల్చే తుపాకీని మన ఇళ్లలో పెద్దవాళ్లు భర్మార్ బందూకు అంటారు. నాటు తుపాకీ అని ఊళ్లలో పిలిచేదీ చాలావరకు ఇదే. పేరు వినగానే నిజాం కాలం, దేవిడీలు, గోడకు వేలాడే పాత ఆయుధాలు గుర్తొస్తాయి. అమెరికాలో మాత్రం ఇది పాతకాలపు వస్తువు కాదు. అక్కడ చాలా రాష్ట్రాల్లో జింకల వేటకు ఈ తుపాకీ వాడేవాళ్ల కోసమే విడిగా సీజన్ ఉంటుంది. ఇంగ్లిషు పేరు మజిల్ లోడర్. కొత్త కొత్త మోడళ్లు షాపుల్లో దొరుకుతాయి. అక్కడ స్థిరపడి వేట సరదా ఉన్న కొడుకులు, అల్లుళ్లు సాధారణంగా కొనేది ఈ కొత్త రకమే.

అటు అమెరికాలో కొన్న కొత్త రైఫిల్‌కైనా, ఇటు తాతల నుంచి మిగిలిన పాత బందూకుకైనా ఎక్కువ తంటా తెచ్చే భాగం ఒకటే. గొట్టం వెనక భాగాన్ని మూసే మర బిరడా. దీన్ని బ్రీచ్ ప్లగ్ అంటారు. కొత్త రైఫిల్‌లో దీన్ని కాల్చిన ప్రతిసారీ విప్పాలి. పాత బందూకులో అస్సలు విప్పకూడదు. చాలామంది ఇక్కడే తికమకపడతారు. వీడియోలో కొత్త రైఫిల్‌ని విప్పడం చూసి, ఇంట్లో ఉన్న నూరేళ్ల నాటి బందూకుకు పానా తగిలిస్తారు. లేదా పాత బందూకు ఎప్పుడూ విప్పలేదు కదా అని కొత్త రైఫిల్‌ని నాలుగు సీజన్లు అలాగే వదిలేస్తారు. రెండోదానితో డబ్బు పోతుంది. మొదటిదానితో ప్రాణమే పోవచ్చు.

బిరడా ఎందుకు?

హైదరాబాద్‌లో గన్‌ఫౌండ్రీ అనే పేట అందరికీ తెలుసు. పాత పేరు తోప్ కా సాంచా. ఫ్రెంచి సేనాని మూసా రేమూ 1795లో అక్కడ ఫిరంగులు పోతపోయించాడు. పోతపోసిన ఫిరంగికి వెనక వైపు గొట్టంతో పాటే ఒకే ముద్దగా వస్తుంది, విడిగా బిరడా అక్కర్లేదు. చేతి తుపాకీ గొట్టం అలా కాదు. ఇనుప పట్టీని కడ్డీ చుట్టూ చుట్టి, కాల్చి, కొట్టి, అతికించి గొట్టం చేసేవారు. దానికి రెండు చివరలూ తెరిచే ఉంటాయి. ఒక చివర మరలు కోసి బిరడా బిగిస్తేనే అది తుపాకీ అవుతుంది. ఇప్పటి రైఫిల్ గొట్టాలు ఉక్కు కడ్డీని తొలిచి చేస్తున్నారు, అయినా రెండు వైపులా తెరిచి ఉన్న గొట్టమే. కాబట్టి బిరడా తప్పదు.

కారు టైరులో గాలి ఒత్తిడి చదరపు అంగుళానికి 30, 35 పౌండ్లు. తుపాకీ పేలినప్పుడు గొట్టంలో అది పదివేల పౌండ్లు దాటిపోతుంది. ఆ ఒత్తిడి మొత్తాన్ని ఆపి నిలబెట్టేది ఈ వేలెడంత బిరడా, దాని చుట్టూ ఉన్న కొన్ని మర చుట్లు. కాల్చేవాడి ముఖం దానికి జానెడు దూరంలో ఉంటుంది.

ఆ మరలను పాడుచేసేది మందే. నల్లమందులో, అంటే బారూదులో, 75 పాళ్లు సురేకారం, 15 పాళ్లు బొగ్గు, 10 పాళ్లు గంధకం. కాలినప్పుడు ఇదంతా పొగై పోదు. బరువులో సగానికి పైగా మసిగా, ఉప్పులాంటి పదార్థంగా గొట్టంలోనే మిగిలిపోతుంది. అది గాలిలోని తేమను పీలుస్తుంది. ఉప్పు డబ్బా మూత తీసి వర్షాకాలంలో వదిలేస్తే ఏమవుతుందో ఇక్కడా అదే. ఆ తడి మసి మరల మధ్యకు చేరి జంగు పట్టిస్తుంది. నల్లమందుకు బదులు వాడే పైరోడెక్స్ లాంటివి కూడా ఇనుముకు మంచివేమీ కావు. పైరోడెక్స్‌లో ఉండే పర్‌క్లోరేట్ కాలాక క్లోరైడ్‌ను మిగులుస్తుంది, అది జంగుకు స్నేహితుడు.

పాత బందూకైతే ముందు చూడాల్సింది వేరే

గోడ మీద, అటక మీద, పెట్టెలో ఉన్న పాత బందూకు గురించి మొదటి ప్రశ్న దాన్ని ఎలా శుభ్రం చేయాలన్నది కాదు. లోపల మందు ఉందా లేదా అన్నది. భర్మార్ తుపాకీని తెరిచి చూసే వీలు లేదు. ఎన్నేళ్ల క్రితమో ఎవరో కూరి, కాల్చకుండా పక్కన పెట్టి ఉండొచ్చు. తాతగారి కాలం నుంచి ఎవరూ ముట్టలేదు, లోపల ఏం ఉంటుంది అనుకోవడం ధీమా మాత్రమే. ఎవరూ ముట్టలేదంటే ఖాళీ కూడా చేయలేదనే అర్థం.

1863లో అమెరికా అంతర్యుద్ధంలో గెటిస్‌బర్గ్ పోరు ముగిశాక మైదానంలో సుమారు 27,500 తుపాకులు ఏరారు. వాటిలో దాదాపు 24 వేలు లోడై ఉన్నాయి. సగం వాటిలో మందు, గుండు రెండేసి సార్లు కూరి ఉన్నాయి. యుద్ధం మధ్యలో ఉన్న సిపాయికే తన తుపాకీ లోపల ఏముందో గుర్తు లేకపోతే, మూడు తరాల తర్వాత ఇంట్లోవాళ్లకు ఎలా తెలుస్తుంది? నల్లమందు ఏళ్లు గడిస్తే చచ్చిపోతుందన్న నమ్మకం కూడా తప్పు. తడి తగలకపోతే అది అలాగే ఉంటుంది. 2008లో వర్జీనియాలో పాత వస్తువులు సేకరించే ఒకాయన అంతర్యుద్ధం నాటి ఫిరంగి గుండును శుభ్రం చేస్తుండగా అది పేలి చనిపోయాడు. ఆ మందు వయసు అప్పటికి 140 ఏళ్లు దాటింది.

పరీక్ష సులభమే. తుపాకీ మూతి మనుషుల వైపు, గోడ అవతల మనుషులున్న వైపు లేకుండా పెట్టాలి. మూతికి ఎదురుగా ముఖం గానీ చెయ్యి గానీ రాకూడదు. గొట్టం కింద ఉండే గజ్‌ను, అంటే గుండు తోసే కడ్డీని, లేకపోతే సన్నటి చెక్క కడ్డీని పక్క నుంచి మూతిలోకి నెమ్మదిగా జారవిడవాలి. పొడవకూడదు, దంచకూడదు. ఆగిన చోట మూతి అంచు దగ్గర కడ్డీ మీద పెన్సిల్ గీత పెట్టాలి. తర్వాత కడ్డీ తీసి, గీత మూతి అంచుకు సరిపోయేలా గొట్టం బయట పక్కన పెట్టి చూడాలి. కడ్డీ కొన వెనక నిప్పు రంధ్రం ఉన్నచోటి దాకా వస్తే గొట్టం ఖాళీ. అంగుళం, రెండంగుళాలు ముందే ఆగిపోతే లోపల ఏదో ఉంది. అది మందు కావచ్చు, గుడ్డ పీలిక కావచ్చు, కందిరీగ గూడు కావచ్చు. కొన్ని పాత తుపాకుల్లో వెనక గది సన్నగా ఉంటుంది కాబట్టి ఖాళీగా ఉన్నా కడ్డీ కాస్త ముందే ఆగుతుంది. అనుమానం వస్తే మందు ఉందనే లెక్క.

అలా తేలితే ఇంట్లో ఎవరూ ఇంకేమీ చేయకూడదు. బిరడా విప్పకూడదు, డ్రిల్లు పెట్టకూడదు, వేడి చేయకూడదు, వెల్డింగ్ షాపుకు తీసుకెళ్లకూడదు. పిల్లల్ని దూరం పెట్టి, లైసెన్సు ఉన్న ఆయుధాల డీలరుకు గానీ పోలీసు స్టేషనుకు గానీ ఫోన్ చేసి, వాళ్లు చెప్పినట్టు నడుచుకోవాలి.

ఖాళీ అని తేలినా పాత బందూకు బిరడా జోలికి పోకపోవడమే మంచిది. ఆ బిరడాకు వెనక తోకలా ఒక ఇనుప పట్టీ ఉంటుంది, దాన్ని చెక్కకు మేకు మరతో బిగిస్తారు. బిరడాను తిప్పి తిప్పి, తోక సరిగ్గా పైకి వచ్చిన చోట, బిరడా ముఖం లోపలి అంచుకు ఆనిన చోట ఆపుతారు. రెండూ ఒకేసారి కుదిరేలా ఆకురాయితో అరగదీసి అమర్చడం ఆ కాలపు పనివాడి నేర్పు. ఒకసారి విప్పి మళ్లీ బిగిస్తే అది అక్కడే ఆగదు. ఇంకాస్త ముందుకు పోతే తోక వంకరవుతుంది. కాస్త ముందే ఆపితే బిరడాకీ గొట్టానికీ మధ్య సందు మిగులుతుంది, ఆ సందులో మసి చేరి లోపలి నుంచే తినేస్తుంది. పైగా విప్పాలంటే గొట్టాన్ని వైసులో గట్టిగా బిగించాలి. పట్టీ చుట్టి అతికించిన పాత గొట్టానికి ఆ పట్టు తగిలితే అతుకు విచ్చుకోవచ్చు. బయట పలచగా నూనె రాసి, పొడి గుడ్డతో తుడిచి పెట్టడం చాలు. ఎంత మంచిగా కనిపించినా దాన్ని కాల్చి చూడాలన్న ఆలోచన వద్దు.

చట్టం సంగతి కూడా ఇక్కడే చెప్పుకోవాలి. భారతదేశంలో 1959 ఆయుధాల చట్టం కింద పేలే స్థితిలో ఉన్న భర్మార్ తుపాకీకి లైసెన్సు కావాలి. రిపేరు చేయించినా పేలని, పురాతన విలువ ఉన్న వాటికి మినహాయింపు ఉంది, కానీ మనది అందులోకి వస్తుందో లేదో ఇంట్లో కూర్చుని తేల్చుకునే విషయం కాదు. లైసెన్సుదారు చనిపోతే తుపాకీ వారసులకు దానంతట అదే చెందదు. లైసెన్సు తెచ్చుకునే దాకా దాన్ని పోలీసు స్టేషనులోనో లైసెన్సు డీలరు దగ్గరో డిపాజిట్ చేయాలి. తుపాకీ రిపేరుకు కూడా లైసెన్సు ఉండాలి కాబట్టి, తెలిసిన లేత్ షాపు భాయ్‌తో బిరడా విప్పిస్తే ఇరుక్కునేది అతను కూడా.

కొత్త రైఫిల్ లెక్క వేరు

1985లో టోనీ నైట్ అనే అమెరికన్ ఎం.కె.-85 అనే రైఫిల్ తెచ్చాడు. పేల్చే టోపీని పక్కన కాకుండా గొట్టానికి సరిగ్గా వెనక, ఒకే వరసలో పెట్టాడు. బిరడాను విప్పేలా చేశాడు. ఇప్పుడు దొరికే ఇన్‌లైన్ రైఫిళ్లన్నీ ఆ దారిలో వచ్చినవే. టోపీకి బదులు షాట్‌గన్‌లో వాడే 209 ప్రైమర్ పెడుతున్నారు. ప్రైమర్ నిప్పు బిరడా మధ్యలోని సన్నటి రంధ్రం గుండా మందుకు చేరుతుంది.

విప్పే బిరడా వల్ల పెద్ద లాభం ఉంది. గొట్టం రెండు వైపులా తెరుచుకుంటుంది, వెలుతురు కనిపిస్తుంది, వెనక నుంచి బ్రష్ దూర్చి కడగవచ్చు. కాల్చకుండా ఇంటికి తిరిగొస్తే ప్రైమర్ తీసేసి, బిరడా విప్పి, మందును వెనక నుంచి ఒంపేసి, గుండును కడ్డీతో తోసేయవచ్చు. కానీ విప్పడానికి వీలుంటేనే ఇదంతా. సీజన్ మొత్తం కాల్చి, మసితో పాటు గదిలో పెట్టి, మళ్లీ ఏడాది బయటికి తీస్తే బిరడా గొట్టంలో ఒక భాగమైపోయి ఉంటుంది.

విప్పే ముందు ఇక్కడా కడ్డీ పరీక్షే మొదటిది. రైఫిల్ కొన్న రోజే, ఖాళీగా ఉన్నప్పుడు, కడ్డీ మీద మూతి దగ్గర ఒక గీత పెట్టుకోవాలి. లోడ్ చేశాక ఇంకో గీత. ఆ రెండు గీతలు చూస్తే చాలు, లోపల ఏముందో తెలిసిపోతుంది. ప్రైమర్ లేదని కళ్లతో చూసి, కడ్డీ ఖాళీ గీత దాకా దిగిందని చూసి, అప్పుడే పానా పట్టాలి. కంపెనీ ఇచ్చిన పానానే వాడాలి. ప్లయర్లు, పట్టకార్లు బిరడా తల అంచులు కొరికేస్తాయి, తర్వాత అసలు పానా కూడా పట్టదు. ఎడమకు తిప్పితే వదులవుతుంది. కొన్ని మోడళ్లలో పానా కూడా అక్కర్లేదు, వేళ్లతోనే వస్తుంది.

విప్పాల్సిన సమయం కాల్చిన రోజు సాయంత్రమే. రేపు చూద్దాం అంటే రేపటికి మసి తడి పీల్చి గట్టిపడుతుంది.

కడగడం ఏ మందు వాడారన్న దాన్ని బట్టి ఉంటుంది. నల్లమందు, పైరోడెక్స్, ట్రిపుల్ సెవెన్ మసికి సబ్బు కలిపిన వేడి నీళ్లే మంచివి. బ్లాక్‌హార్న్ 209 మసి నీళ్లకు లొంగదు, మామూలు రైఫిళ్లకు వాడే సాల్వెంట్ కావాలి. పాత పళ్ల బ్రష్‌తో మర చుట్ల లోతుల్లోంచి మసి పోయేదాకా రుద్దాలి. బిరడా ఒక్కటే కడిగి ఊరుకుంటే పని సగమే అయినట్టు. గొట్టం లోపలి మరల్లోనూ అంతే మసి ఉంటుంది, వాటినీ బ్రష్‌తో కడగాలి. ప్రైమర్ కూర్చునే గుంట, దాని ముందు ఉండే సన్నటి దారి రాయిలాంటి బొగ్గుతో పూడిపోతాయి. దీనికి తగిన కొలత డ్రిల్ బిట్‌ను మిషన్‌కు పెట్టకుండా చేతివేళ్లతో తిప్పి గీకేస్తారు. అసలు నిప్పు రంధ్రాన్ని మాత్రం డ్రిల్‌తో ముట్టకూడదు. అది అంగుళంలో 30 వేయో వంతు ప్రాంతంలో ఉండే రంధ్రం. సన్నటి తీగతో మెల్లగా తుడవడం వరకే. అది పెద్దదైతే పేలినప్పుడు ఒత్తిడి వెనక్కి తన్నుతుంది. ప్రైమర్ చుట్టూ, స్కోప్ కింద మసి మామూలుకన్నా ఎక్కువ కనిపించడం మొదలైతే రంధ్రం అరిగిందని అనుమానించాలి, బిరడా మార్చాలి.

తడి పూర్తిగా ఆరాక గ్రీజు. మామూలు గ్రీజు వేడికి కరిగి మాడిపోతుంది, అందుకే రాగి పొడి గానీ నికెల్ పొడి గానీ కలిపిన యాంటీ సీజ్ గ్రీజు వాడతారు. స్టెయిన్‌లెస్ ఉక్కు మరలకు ఇది మరీ ముఖ్యం, ఎందుకంటే ఆ రకం ఉక్కు ఒకదానికొకటి రాసుకుంటే అతుక్కుపోయే గుణం ఉంది. కొందరు నల్లా బిగించేవాళ్లు చుట్టే తెల్ల టెఫ్లాన్ టేపు ఒకటి రెండు చుట్లు వేస్తారు, అదీ పనిచేస్తుంది. గ్రీజు మరల మీదే పలచగా ఉండాలి. బిరడా ముఖం మీద, నిప్పు రంధ్రంలో చేరితే మరుసటి రోజు ప్రైమర్ పేలుతుంది కానీ మందు అంటుకోదు. అలా అయితే తుపాకీని వెంటనే దించి చూడకూడదు. మూతి సురక్షిత దిశలో ఉంచి ఒక నిమిషమైనా ఆగాలి, మందు ఆలస్యంగా అంటుకోవచ్చు.

బిగించేటప్పుడు ఆనేదాకా తిప్పి, చేతి బలంతో కొంచెం. అంతే. మరలు ఒత్తిడిని ఆపేది బిగింపు వల్ల కాదు, చుట్లన్నీ పూర్తిగా ఎక్కడం వల్ల. ఒక చుట్టు తక్కువగా ఎక్కితే ప్రమాదం, అతిగా బిగిస్తే వచ్చేది విప్పలేని బాధే.

ఇరుక్కుపోతే

మొదట మళ్లీ కడ్డీ పరీక్ష. లోడై ఉండి బిరడా ఇరుక్కుంటే పని గన్‌స్మిత్‌దే. ఖాళీ అయితే జంగు వదిలించే నూనెను మూతి నుంచి లోపలికి, వెనక నుంచి మరల చుట్టూ పోసి, బిరడా కిందికి వచ్చేలా నిలబెట్టాలి. గంటలు కాదు, రోజులు ఆగాలి. రోజుకోసారి మళ్లీ నూనె. తర్వాత గొట్టాన్ని బిరడాకు దగ్గరగా, తోలు గానీ చెక్క గానీ అడ్డం పెట్టి వైసులో పట్టి, పానాతో కొంచెం ఎడమకు, కొంచెం కుడికి కదిలించాలి. ఒక్కసారిగా లాగితే బిరడా తల విరుగుతుంది. పానాకు పైపు తగిలించి పొడవు పెంచడం, సుత్తితో కొట్టడం ఈ దశలో అందరికీ వచ్చే ఆలోచనలే, రెండూ చెడ్డవే. మరుగుతున్న నీళ్ల వేడి వరకు ఫరవాలేదు. గ్యాస్ మంట పెడితే ఉక్కుకు ఇచ్చిన గట్టిదనం పోతుంది, అది బయటికి కనిపించదు, తర్వాత ఎప్పుడో పేలినప్పుడు తెలుస్తుంది. వారంలో కదలకపోతే గన్‌స్మిత్‌కు ఇచ్చేయాలి. కొత్త బిరడా కొన్ని పదుల డాలర్లు, గొట్టం పాడైతే రైఫిలే పోయినట్టు. కొత్త బిరడా అదే కంపెనీ, అదే మోడల్‌ది కావాలి. మరలు కుదిరాయి కదా అని వేరేది పెట్టడం, తెలిసినవాళ్లతో చేయించుకోవడం కుదరదు.

ఎంత మంచి బిరడా అయినా ఆగనిది ఒకటుంది. మామూలు తూటాల్లో ఉండే పొగలేని మందును భర్మార్ తుపాకీలో పోయడం. ప్రత్యేకంగా దానికోసమే చేసిన రైఫిళ్లు తప్ప మిగతావి పగిలిపోతాయి. బ్లాక్‌హార్న్ 209 వీటి కోసమే తయారైంది కాబట్టి అది వేరు. డబ్బా మీద భర్మార్ తుపాకులకు అని రాసి లేకపోతే వాడకూడదు.

అమెరికాలో ఉన్నవాళ్లకు ఒక మాట. అక్కడి ఫెడరల్ చట్టం నల్లమందు భర్మార్ రైఫిల్‌ను పురాతన ఆయుధం కింద లెక్కేస్తుంది. అయితే గొట్టం మారిస్తే మామూలు రైఫిల్‌గా మారే ఎన్‌కోర్ లాంటి ఫ్రేములు ఆ లెక్కలోకి రావు. హెచ్-1బి లాంటి తాత్కాలిక వీసా మీద ఉన్నవారికి మామూలు తుపాకులపై నిషేధం ఉంది, హంటింగ్ లైసెన్సు లాంటి కొన్ని మినహాయింపులతో. రాష్ట్రాల చట్టాలు మళ్లీ వేరు. కొనే ముందు లాయరును అడగడం మంచిది.

ఇంట్లో ఆడవాళ్లు, పిల్లలు ఉన్నచోట ఇంకో జాగ్రత్త. ప్రైమర్ మసిలో, గుండు రాసుకున్న చోట సీసం ఉంటుంది. బిరడాను వంటింటి సింకులో కడగకూడదు, అన్నం తినే బల్ల మీద విప్పకూడదు. వరండాలోనో గ్యారేజీలోనో విడిగా ఒక బకెట్టు పెట్టుకోవాలి. రుద్దిన పళ్ల బ్రష్ తిరిగి బాత్రూములోకి రాకూడదు, దాని పిడి మీద ఒక గుర్తు వేసి తుపాకీ సామాన్ల డబ్బాలోనే ఉంచాలి. పని అయ్యాక చేతులు సబ్బుతో కడుక్కుని, చొక్కా మార్చుకుని, ఆ తర్వాతే పసిపిల్లల్ని ఎత్తుకోవాలి.